ఇల్లు మారుతున్నారా? వాషింగ్ మెషీన్‌ని ట్రాలీ ఎక్కించే ముందు ఆ నాలుగు బోల్టులు వెతకండి

బాన్సువాడ నుంచి మీ తమ్ముడు మళ్ళీ వచ్చేసిండు. ఈసారి ఫోన్ రివ్యూ లేదు, ల్యాప్‌టాప్ లేదు. చాలామంది ఇల్లు మారేటప్పుడు టీవీకి దుప్పటి చుడతారు, ఫ్రిజ్‌కి అట్టపెట్టె వెతుకుతారు, వాషింగ్ మెషీన్‌ని మాత్రం "ఇనుప డబ్బానే కదా, ఏమైతది" అని అట్లనే ట్రాలీలోకి ఎక్కిస్తారు. కానీ దీని లోపల ఊగే బరువైన వస్తువు వేలాడుతూ ఉంటుంది. ఫ్రిజ్‌కి కొన్ని గంటలు రెస్ట్ ఇస్తే సరిపోతుంది. దీనికి అట్లా కాదు, బయలుదేరకముందే పని ఉంటుంది.

ఎందుకు చెప్తున్నానంటే, మా గల్లీలో ఒకాయన హైదరాబాద్‌లో ఫ్రంట్ లోడ్ మెషీన్ సెకండ్ హ్యాండ్‌లో కొన్నాడు. మంచి కండిషన్, మంచి రేటు. సామాన్లు తెచ్చేవాళ్ళకి అప్పజెప్పాడు, వాళ్ళు బాగానే ప్యాక్ చేశారు, పైన ఒక్క గీత కూడా పడలేదు. ఇంటికొచ్చాక నీళ్ళ కనెక్షన్ ఇచ్చి బట్టలు వేశారు. ఉతకడం బాగానే ఉతికింది. స్పిన్‌కి వచ్చేసరికి దబ దబ దబ అని సౌండ్, మెషీన్ గోడ దగ్గరి నుంచి అడుగు ముందుకొచ్చి నిలబడ్డది. మెకానిక్ వచ్చి వెనక రేకు విప్పితే కింద ఒక డ్యాంపర్ పిన్ను విరిగింది, పైన స్ప్రింగ్ ఒకటి కొక్కెం నుంచి ఊడింది. బిల్లు నాలుగు వేలు దాటింది. తెచ్చినోళ్ళని అడిగితే "మేం బయట ఏం దెబ్బ తగలనియ్యలే సార్" అన్నారు. అది నిజమే. దెబ్బ తగిలింది లోపల.

ఇప్పుడు లోపల ఏముందో చూద్దాం, ఎందుకంటే ఇది అర్థమైతే మిగతాదంతా మీకు మీరే చేసుకోవచ్చు.

ఫ్రంట్ లోడ్ మెషీన్‌లో బట్టలు తిరిగే స్టీల్ డ్రమ్ ఉంటుంది, దాని చుట్టూ నీళ్ళు పట్టే ప్లాస్టిక్ టబ్ ఉంటుంది. ఈ రెండూ కలిపి ఒక ముద్ద. ఈ ముద్ద బయటి బాడీకి గట్టిగా బిగించి ఉండదు. పైన స్ప్రింగులకి వేలాడుతుంది, కింద డ్యాంపర్లు పట్టుకుంటాయి. అంటే బండికి షాక్ అబ్జార్బర్ లాంటివి. దానికి తోడు టబ్‌కి కాంక్రీట్ దిమ్మలు బిగించి ఉంటాయి. అవును, నిజంగానే కాంక్రీటు! నేను మొదటిసారి చూసినప్పుడు ఎవరో డబ్బులు మిగుల్చుకున్నారనుకున్న. కాదు, బరువు కావాలనే పెట్టారు, లేకపోతే మెషీన్ ఎగిరెగిరి పడుతుంది. ఏడు కేజీల ఫ్రంట్ లోడ్ మెషీన్ ఇద్దరు మనుషులు కూడా కష్టంగా లేపేది, అరవై డెబ్బై కేజీలు ఉండేది ఎక్కువగా దీనివల్లే.

ఎందుకింత హంగామా అంటే చిన్న లెక్క చెప్తా. బీటెక్ చదివిన పాపానికి భరించండి. డ్రమ్ అడ్డం 48 సెంటీమీటర్లు, స్పీడు నిమిషానికి 1200 తిరుగుళ్ళు అనుకుందాం. అప్పుడు బట్టల మీద పడే బలం వాటి బరువుకి దాదాపు 380 రెట్లు. నానిన చేతిరుమాలు వంద గ్రాములు ఉంటే, ఆ టైంలో అది 38 కేజీల బరువులాగా డ్రమ్ గోడని నెడుతుంది. బట్టలన్నీ ఒకవైపు పోగుపడితే ఊహించుకోండి. ఆ ఊపు నేలకి తగలకుండా మింగడానికే స్ప్రింగులు, డ్యాంపర్లు.

ఇప్పుడు తిరగేసి ఆలోచించండి. నిలబడి ఉన్న మెషీన్‌లో పైకి కిందకి కొంచెం ఊగడానికి చేసిన ఆ స్ప్రింగుల మీద, ట్రాలీ ఆటో గుంతలో పడ్డ ప్రతిసారీ కాంక్రీటుతో సహా మొత్తం ముద్ద ఎగిరి పడుతుంది. హైదరాబాద్ నుంచి మనకి దాదాపు 150 కిలోమీటర్లు. మెదక్, ఎల్లారెడ్డి మీదుగా వచ్చినా, కామారెడ్డి మీదుగా తిరిగి వచ్చినా, హైవే దిగినంక ఊరూరికీ స్పీడ్ బ్రేకర్లు. పైగా నిజాంసాగర్ ఆయకట్టు మనది, వరి కోతల టైంలో సగం రోడ్డు మీద వడ్లు ఆరబోసి, చుట్టూ రాళ్ళు పెట్టి ఉంటాయి. డ్రైవర్ అన్న చీకట్లో సడెన్‌గా పక్కకి కొడితే లోపల డ్రమ్ కూడా పక్కకి కొడుతుంది, బాడీకి తగులుతుంది. కోతలప్పుడు షిఫ్టింగ్ పెట్టుకుంటే పగలే బయలుదేరండి, అంతే నా సలహా.

అందుకే కంపెనీవాళ్ళు ఫ్యాక్టరీ నుంచి పంపేటప్పుడు వెనకనుంచి పొడుగు బోల్టులు వేసి ఆ ముద్దని బాడీకి కదలకుండా బిగిస్తారు. వీటినే ట్రాన్సిట్ బోల్టులు అంటారు. మామూలుగా నాలుగు ఉంటాయి, కొన్ని మోడళ్ళలో మూడు. బోల్టుతో పాటు ఒక రబ్బరు లేదా ప్లాస్టిక్ బుష్ వస్తుంది. కొత్త మెషీన్ ఇన్‌స్టాల్ చేసే టెక్నీషియన్ వాటిని విప్పి, ఆ రంధ్రాలకి ప్లాస్టిక్ మూతలు పెట్టి, బోల్టులు మీ చేతిలో పెడతాడు. "మళ్ళీ షిఫ్టింగ్‌కి పనికొస్తాయి, దాచుకోండి మేడమ్" అంటాడు. మనం దాచుకుంటాం. ఎక్కడ దాచుకున్నామో మాత్రం మర్చిపోతాం. మెషీన్ మాన్యువల్ ఉన్న కవర్లో చూడండి, అటక మీద అట్టపెట్టెలో చూడండి, కిచెన్‌లో రబ్బర్ బ్యాండ్లు, పాత తాళాలు వేసే డ్రాయర్ ఉంటుంది కదా, అందులో చూడండి.

ఈ ఎండాకాలం మా అక్కావాళ్ళు మియాపూర్ నుంచి ఇక్కడికి వచ్చారు. బావకి ట్రాన్స్‌ఫర్. చిన్నపాప ఉంది, రోజూ రెండు లోడ్లు బట్టలు, కాబట్టి వచ్చిన మర్నాడే మెషీన్ తిరగాలి. ఫోన్‌లో అక్క అడిగింది, "డ్రమ్ముల దుప్పట్లు, దిండ్లు కుక్కుతా, కదలకుంట ఉంటది కదరా?" అని. చాలామంది ఇదే చేస్తారు, నెట్‌లో కూడా కొందరు ఇదే చెప్తారు. వద్దు. ఒక్క నిమిషం ఆగి ఆలోచించండి. కదిలేది డ్రమ్ లోపలి ఖాళీ కాదు, డ్రమ్‌తో సహా మొత్తం టబ్. లోపల నాలుగు దుప్పట్లు కుక్కితే ఆ టబ్ బరువు పెరుగుతుంది, అదే స్ప్రింగుల మీద ఇంకో ఐదారు కేజీలు ఎక్కించినట్టు. ఊయలలో పిల్లాడి బదులు ఇద్దరు పిల్లల్ని కూర్చోబెడితే ఊయల ఆగుతుందా? డ్రమ్ ఖాళీగా ఉండాలి. దిండ్లు సంచిలో రానియ్యండి.

బోల్టులు వాళ్ళ దగ్గర లేవు. రెండు ఇళ్ళు మారారు, ఎక్కడో పోయినయి. బావ హార్డ్‌వేర్ షాపులో అలాంటివే నాలుగు తెస్తానన్నాడు. నేను ఆపిన. ఎందుకంటే టబ్ ప్లాస్టిక్‌ది, బోల్టు పొడుగు ఒక సెంటీమీటరు ఎక్కువైనా లోపల గుచ్చుకుంటుంది, మరలు తేడా ఉంటే టబ్‌లో ఉన్న మరలే పాడవుతాయి. అప్పుడు టబ్ మార్చాలి, అది స్ప్రింగు మార్చినంత చవక కాదు. మెషీన్ డోర్ తెరిస్తే లోపల అంచు మీద గానీ, వెనకాల గానీ స్టిక్కర్ మీద మోడల్ నంబర్ ఉంటుంది. ఆ నంబర్ ఫోటో తీసి కంపెనీ సర్వీస్ సెంటర్‌కి ఫోన్ చేసి "ట్రాన్సిట్ బోల్ట్ కిట్" అని అడగండి. మేం అలాగే తెప్పించినం. కాస్త టైం పట్టింది, కాబట్టి షిఫ్టింగ్‌కి రెండు మూడు వారాల ముందే అడగండి, ముందురోజు రాత్రి కాదు.

అసలు దొరకనే లేదు, రేపే బండి వస్తుంది అంటే? అప్పుడు ఒక మధ్యస్థ మార్గం ఉంది. ప్లగ్ తీసేసి, వెనకాల పైన ఉన్న రెండు మూడు స్క్రూలు విప్పితే పై మూత వెనక్కి జారి వస్తుంది. టబ్‌కి, బాడీకి మధ్య అన్నివైపులా ఉన్న ఖాళీలో ఫోమ్ ముక్కలు, మడిచిన పాత బెడ్‌షీట్లు బిర్రుగా పెట్టండి. వైర్లు నలగకుండా చూసుకోండి. చేరినంక అవన్నీ తీయడం మర్చిపోకుండా ఎన్ని ముక్కలు పెట్టారో రాసి డోర్ మీద అంటించండి. ఇది బోల్టులతో సమానం కాదు, ఏమీ చేయకపోవడం కంటే నయం. అంతవరకే.

ఇప్పుడు అసలు పని. మొదట నీళ్ళు. కుళాయి కట్టేసి, మెషీన్ ఆన్ చేసి ఒక్క పది సెకన్లు నీళ్ళు పట్టే ప్రోగ్రాం పెట్టండి. పైపులో మిగిలిన ప్రెషర్ పోతుంది, లేకపోతే పైపు విప్పంగనే మొహం మీద చిమ్ముతుంది. తర్వాత డ్రెయిన్ మాత్రమే చేసే స్పిన్ ఒకటి పెట్టి, అప్పుడు స్విచ్ ఆపి ప్లగ్ పీకండి. ప్లగ్ పీకకుండా దేనికీ చెయ్యి పెట్టకండి.

నీళ్ళు అన్నీ పోయాయి అనుకుంటారు, పోవు. ముందు కింద మూలలో చిన్న తలుపు ఉంటుంది, దాని వెనక డ్రెయిన్ పంపు ఫిల్టర్. కింద ఒక పళ్ళెం, పాత గుడ్డలు పెట్టి మెల్లగా, సగం సగం తిప్పుతూ తెరవండి. ఒకటి రెండు లీటర్ల నీళ్ళు రావడం మామూలే. అక్కావాళ్ళ దాంట్లోంచి మూడు రూపాయి బిళ్ళలు, ఒక హెయిర్ పిన్, పాప కాలి పట్టీ మువ్వ వచ్చినయి. ఈ నీళ్ళు అట్లనే వదిలేస్తే, బండిలో మెషీన్ ఒరిగినప్పుడు మోటారు మీదకో, సర్క్యూట్ బోర్డు మీదకో పోతాయి. చేరినంక స్విచ్ వేయంగనే ఆ తడి మీదికే కరెంటు పోతది.

సబ్బు వేసే డ్రాయర్ బయటికి లాగి కడిగి వేరేగా చుట్టండి. పైపులు రెండూ విప్పి నీళ్ళు వంపి, మూతికి ప్లాస్టిక్ కవర్ కట్టి రబ్బర్ బ్యాండ్ వేయండి. పైపు బిగించే చోట మెషీన్ లోపల చిన్న జల్లెడ ఉంటుంది, బోరు నీళ్ళు వాడితే తెల్లగా ఉప్పు పట్టి ఉంటుంది. ఎలాగూ విప్పారు కాబట్టి పాత టూత్ బ్రష్‌తో రుద్దండి. డోర్ రబ్బరు మడతల్లో తడి తుడవండి, లేకపోతే రెండు రోజులు మూసి ఉంచితే వాసన పట్టుకుంటుంది.

తర్వాత బోల్టులు. వెనకాల ప్లాస్టిక్ మూతలు తీయండి, అవి పారేయకండి. బుష్‌తో సహా బోల్టు లోపలికి పెట్టి చేత్తో తిప్పండి. టబ్ రంధ్రం ఎదురుగా రాకపోతే ఇంకొకరు ముందు నుంచి డ్రమ్‌ని చేత్తో అటూ ఇటూ జరపాలి. నాలుగూ చేత్తోనే మరలోకి ఎక్కించాక అప్పుడు స్పానర్ వాడండి. అక్కావాళ్ళ దానికి 10 ఎంఎం స్పానర్ పట్టింది, మీది 12, 13 కూడా కావచ్చు. గట్టిగా ఆగితే చాలు, బలమంతా చూపించకండి, అవతల ఉన్నది ప్లాస్టిక్. ఇప్పుడు డోర్ తెరిచి డ్రమ్‌ని చేత్తో నెట్టండి. డ్రమ్ ఒక్కటే ఊగితే ఏదో బోల్టు ఎక్కలేదు. మొత్తం మెషీనే కదిలితే బాగా బిగిసినట్టు.

టాప్ లోడ్ ఉన్నోళ్ళు ఇప్పటిదాకా ఓపికగా విన్నారు, థాంక్స్. మీదాంట్లో మామూలుగా ఈ బోల్టులు ఉండవు. టబ్ నాలుగు మూలల నుంచి నాలుగు సస్పెన్షన్ రాడ్లకి వేలాడుతుంది, బావిలో చేద వేలాడినట్టు. కొన్నప్పుడు పైన ఒక ఫోమ్ ముక్కో, గుండ్రటి అట్టో వచ్చి ఉంటుంది, అది ఉంటే అదే పెట్టండి. లేకపోతే మూత తెరిచి టబ్ అంచుకీ బాడీకీ మధ్య చుట్టూ ఖాళీలో టవళ్ళు మడిచి పెట్టండి, నాలుగు వైపులా సమానంగా. చేత్తో ఊపితే టబ్ ఊగకూడదు. మూత మీద స్ట్రెచ్ ర్యాప్ చుట్టండి. బ్రౌన్ టేప్ నేరుగా అంటిస్తే జిగురు జన్మలో పోదు. డ్రెయిన్ పైపు నేల మీదకి దించితే మిగిలిన నీళ్ళు కారిపోతాయి.

సెమీ ఆటోమేటిక్ తేలిక, ఒక్కరే ఎత్తేస్తారు. దాంట్లో చూడాల్సింది స్పిన్ వైపు, కింద మోటారు స్ప్రింగుల మీద కూర్చుని ఉంటుంది. స్పిన్నర్ చుట్టూ గుడ్డ పెట్టి ఊగకుండా చేస్తే చాలు.

బండి సంగతి. టాటా ఏస్ అయినా, బొలెరో పికప్ అయినా, మెషీన్‌ని క్యాబిన్ వెనక గోడకి ఆనించి పెట్టండి. వెనక చివరన పెడితే చక్రాలకి అవతల పడుతుంది, ప్రతి గుంతకీ అక్కడే ఎక్కువ ఎగురుతుంది. ఆర్టీసీ బస్సులో చివరి సీట్లో కూర్చున్నోళ్ళకి చెప్పక్కర్లేదు. తాడు బాడీ చుట్టూ రావాలి, అద్దం డోర్ మీదుగా, బటన్ల మీదుగా కాదు. తాడు తగిలే చోట అట్ట పెట్టండి.

మియాపూర్‌లో మూడో అంతస్తు, లిఫ్ట్ ఆగిపోయింది. హమాలీ అన్నలు ఇద్దరొచ్చారు. అందులో పెద్దాయన అడిగిండు, "తమ్మీ, పండవెట్టి తీస్కపోతే అలకగ అయితది కదా?" అని. "పండవెట్టద్దన్నా, నిలవెట్టే దించాలె. బెల్టు ఉంటే కింద నుంచి ఎయ్యిండ్రి" అన్న. "గంత బరువా ఇది!" అన్నడు. కాంక్రీటు ఉందని చెప్తే నమ్మలే, ఫోన్‌లో ఫోటో చూపించిన. మెట్ల మీద కొంచెం వెనక్కి వంచడం తప్పదు, పర్లేదు. పూర్తిగా పడుకోబెట్టడం, ముందు వైపుకి వంచడం వద్దు. డోర్ పట్టుకుని, డ్రాయర్ గుంత పట్టుకుని, పై మూత అంచు పట్టుకుని ఎత్తకూడదు, ఊడి చేతికి వస్తాయి. ఇంకొకటి, బరువు ముందే చెప్పండి. మెట్ల మీద కింద నిలబడ్డ మనిషి మీద ఎక్కువ భారం పడుతుంది. వంద రూపాయలు మిగుల్చుకోవడానికి ఇద్దరు చేసే పని ఒక్కరితో చేయించకండి, మెషీన్ రిపేర్ అవుతుంది గానీ నడుం అవ్వదు.

ప్యాకర్స్‌కి ఇస్తే మెషీన్ నాలుగు వైపులా వీడియో తీయండి, ఆన్ చేసి తిరుగుతున్నట్టు కూడా. సామాన్ల లిస్టులో మోడల్‌తో సహా రాయించుకోండి, బోల్టులు ఎవరు వేస్తారో కూడా రాయించుకోండి. ఇన్సూరెన్స్ డబ్బులు తీసుకుంటే కాగితం అడగండి. మాట తేడా వస్తే నేషనల్ కన్స్యూమర్ హెల్ప్‌లైన్ 1915 ఉంది, కానీ కాగితం లేకుండా వాళ్ళకి మీరు ఏం చూపిస్తారు?

చేరినంక మొదట చేయాల్సిన పని, ఇది అతి ముఖ్యం, బోల్టులు తీసేయడం. బోల్టులు ఉండగా స్పిన్ పెడితే ఆ 380 రెట్ల ఊపు స్ప్రింగులకి బదులు నేరుగా బాడీకి పోతుంది, మెషీన్ గది అంతా నడుస్తుంది. నేనైతే ప్లగ్‌కే ఒక చీటీ కట్టిన, "బోల్టులు తీశారా?" అని. ప్లగ్ పట్టుకుంటేనే చీటీ కనపడాలి.

తర్వాత మన ఊళ్ళలో ఇళ్ళకి సంబంధించి రెండు విషయాలు. ఒకటి కరెంటు. వేడినీళ్ళ హీటర్ ఉన్న ఫ్రంట్ లోడ్ దాదాపు 2000 వాట్లు తీసుకుంటుంది, అంటే దగ్గర దగ్గర 9 ఆంపియర్లు. ఫోన్ ఛార్జర్ పెట్టే 6 ఆంపియర్ల చిన్న సాకెట్‌కి, ఎక్స్‌టెన్షన్ బాక్సుకి ఇది పెట్టకూడదు. 16 ఆంపియర్ల సాకెట్, ఎర్త్ ఉన్నది కావాలి. పాత ఇళ్ళలో మూడో రంధ్రం ఉంటుంది, దాని వెనక వైరు ఉండదు. తడి చేతులతో ముట్టుకునే మెషీన్ ఇది, ఎలక్ట్రీషియన్‌ని పిలిచి ఎర్త్ చెక్ చేయించాకే ఆన్ చేయండి.

రెండోది నీళ్ళ ప్రెషర్. అపార్ట్‌మెంట్‌లో ట్యాంకు ఎక్కడో పైన ఉంటుంది కాబట్టి తెలియదు. ఇక్కడ డాబా మీద ట్యాంకు, కిందనే బాత్రూం. ప్రతి ఒక మీటరు ఎత్తుకి వచ్చే ప్రెషర్ 0.1 బార్ మాత్రమే. మీ మాన్యువల్‌లో కనీసం 0.3 బార్ కావాలని రాసి ఉంటే ట్యాంకు మూడు మీటర్లయినా పైన ఉండాలి, 0.5 అని ఉంటే ఐదు మీటర్లు. అక్కావాళ్ళ కొత్త ఇంట్లో సరిపోలే, నీళ్ళు ఎక్కక ఎర్రర్ చూపించింది. బావ "చూసినవా, దార్లనే పాడైంది" అని నా మొహం చూసిండు. మెషీన్‌కి ఏం కాలేదు. బక్కెట్‌తో డ్రాయర్‌లో నీళ్ళు పోస్తే చక్కగా తిరిగింది. ట్యాంకు కింద ఇనుప స్టాండ్ వేయించి ఎత్తు పెంచినం, సెట్ అయింది. ఎత్తు పెంచే వీలు లేకపోతే చిన్న ప్రెషర్ పంపు పెట్టించుకోవాల్సి వస్తుంది.

ఇక లెవెల్. నాలుగు కాళ్ళూ నేలకి ఆనాలి. ఫోన్‌లో లెవెల్ యాప్ ఉంటుంది, మెషీన్ మీద పెట్టి చూడండి, కాలు తిప్పి ఎత్తు సరిచేసి లాక్ నట్ బిగించండి. ఎదురెదురు మూలలు పట్టి నొక్కితే కుంటకూడదు. కింద ఎలుకల జాలీ ఉందా, దారిలో ఊడిపోయిందా చూడండి. పొలాల పక్కన ఇళ్ళకి ఇది చిన్న విషయం కాదు, ఎలుక లోపల వైరు కొరికితే బోర్డు దాకా పోతుంది ఖర్చు.

మొదటిసారి బట్టలు వేయకుండా షార్ట్ ప్రోగ్రాం ఒకటి పెట్టండి. పక్కనే నిలబడి పైపుల దగ్గర నీళ్ళు కారుతున్నాయా, స్పిన్‌లో కొత్త సౌండ్ ఏమైనా వస్తుందా వినండి. దబదబ కొడితే వెంటనే ఆపండి, "అలవాటైతే పోతది" అని వదలకండి.

విప్పిన బోల్టులు, బుష్‌లు, స్పానర్ ఒక జిప్ కవర్లో వేసి, మెషీన్ వెనక రేకుకే టేప్‌తో అంటించేయండి. అటక మీద వద్దు, డ్రాయర్‌లో వద్దు. ఎక్కడికి పోయినా మెషీన్‌తోనే వస్తాయి. సరే మరి, వచ్చే ఎపిసోడ్‌లో ఇన్వర్టర్ బ్యాటరీ షిఫ్టింగ్ గురించి మాట్లాడదాం, దాంట్లో యాసిడ్ గొడవ ఉంది. ఉంటా.